సాగర్ కటింగు

మధ్యాహ్నం మూడు దాటింది. పొద్దుటి నుంచి పట్టిన ముసురు వదల్లేదు. సెంటినరీ కాలనీ క్వార్టర్ల మధ్య రోడ్డు మీద బొగ్గు మసి, వాన నీళ్లు కలిసి నల్లటి జావలా పారుతున్నాయి. ఆ జావలో సైకిలు తొక్కుకుంటూ గని దారి పట్టిన నర్సింగానికి కడుపులో పేగులు అరుస్తున్నాయి. పొద్దున తాగిన చాయ్ తప్ప లోపలికి ఏమీ పోలేదు. ఇంట్లో అన్నం లేక కాదు. అనసూర్య పుంటికూర పప్పు వండి, "రెండు బుక్కలు తిని పోరాదయ్యా" అని బతిమాలింది కూడా. కానీ రెండో షిఫ్టు ఉన్న రోజు అతను ఇంట్లో తినడు, డబ్బా పట్టుకుపోడు. అతని అన్నం గని లోపల ఉంటుంది, పదిమంది డబ్బాల్లో.

నర్సింగం ఫిల్లరు. పేల్చిన బొగ్గును తట్టలకెత్తి పట్టాల మీది టబ్బుల్లో పోసే పని. మందు పేల్చిన తర్వాత పొగ చెదిరేదాకా ఎవరూ బొగ్గు దగ్గరికి పోకూడదు. అప్పటిదాకా గ్యాంగు మొత్తం ఓ పక్కన కూర్చుని డబ్బాలు విప్పుతుంది. నర్సింగం గ్యాంగులో అది సినిమా చెప్పే వేళ. తల మీది లైటు ఆర్పుకుని, దుంగ మీద కూర్చుని, అతను సినిమా మొదలుపెడతాడు. గుర్రం పరుగు అతని నాలుకే, తుపాకి అతని చప్పట్లే, హీరోయిన్ ఏడుపు కూడా అతనిదే. చెప్పేవాడికి ప్రతి డబ్బాలోంచి ఒక బుక్క రావాలి. దానికి 'బొమ్మ బుక్క' అని పేరు. ఒకరి డబ్బాలో జొన్న రొట్టె, ఒకరి డబ్బాలో ఎండుచేపల పులుసు, ఇంకొకరి దాంట్లో మామిడి తొక్కు. అన్నీ కలిస్తే పెళ్లి భోజనమే. ఇంట్లో తినివచ్చినవాడు బొమ్మ బాగా చెప్పడని గ్యాంగు నమ్మకం. నర్సింగం నమ్మకం కూడా అదే.

ఆ రోజు మందు పేలింది. పొగ లేచింది. డబ్బాలు విప్పారు. నర్సింగం దుంగ మీద కూర్చుని గొంతు సవరించుకున్నాడు.

"గా కాశిగాని బొమ్మ చెప్తనా? జైలు గేటు కాడికెల్లి?"

బుచ్చన్న నోట్లో అన్నం నములుతూనే అన్నాడు, "వద్దు తియ్యే నర్సన్నా. నిన్న కేబుల్ల ఏసిండు గదా, సాగర్ కటింగు. మస్తుగున్నది."

"నేను రెండుసార్లు సూసిన" అన్నాడు ఇంకొకడు.

"మా ఇంట్ల ముసల్దాన్తో సహా అందరు సూసిండ్రు. అన్నను సంపిన కాడ ఏం పెట్టిండే! ఒక్కో గుద్దు కాడ అన్న మొఖం!"

తర్వాత మాటలన్నీ దాని గురించే. నర్సింగం ఐదేళ్లుగా చెప్పిన బొమ్మల్లో ఏ ఒక్కదాని గురించీ ఈ గ్యాంగు ఇంతసేపు మాట్లాడలేదు. మాటల్లో పడి అతనికి బుక్క పెట్టాలని కూడా ఎవరికీ గుర్తు రాలేదు. అడగడానికి నోరు రాలేదు. చెప్పకుండా తినడం బిచ్చమెత్తుకోవడమే కదా. మంచినీళ్లు తాగి, తట్ట నెత్తికెత్తుకున్నాడు. ఆ షిఫ్టంతా అతని కడుపులో మండింది ఆకలి ఒక్కటే కాదు.

అన్నను చంపిన ఘట్టాన్ని తీసుకెళ్లి ఆఖరి కొట్లాటలో, గుద్దు గుద్దుకూ మధ్య ముందుగా పెట్టింది నర్సింగమే. నోటితో పెట్టాడు. అంతే తేడా.

*

సాగర్ పూర్తి పేరు దయాసాగర్. బెల్లంపల్లి మనిషి. అతని తండ్రి గిడియోన్ అక్కడి గనిలో ఇంజను రూములో పనిచేసేవాడు. షిఫ్టు కూత కూయించేది ఆయనే. పొద్దున్నే తండ్రి వెంట పోయి, ఆ కూత మొదలయ్యే ముందు గుండెల్లో వచ్చే చిన్న అదురు కోసం గోడకు వీపు ఆనించి నిలబడేవాణ్నని సాగర్ చెప్పేవాడు. తండ్రి పోయాక ఉద్యోగం అతనికి వచ్చింది. బెల్లంపల్లి గనులు ఒక్కొక్కటే మూతపడుతుంటే బదిలీ మీద ఇటు వచ్చి, లాంపు రూములో లైట్లు ఇచ్చి పుచ్చుకునే పనిలో చేరాడు. ఇల్లు సరిగ్గా నర్సింగం పక్క క్వార్టరు. రెండిళ్లకూ నడిమి గోడ ఒక్కటే. ఇటు దగ్గితే అటు వినపడుతుంది.

బక్కపలచని మనిషి. నలభై ఏళ్లుంటాయి. బుగ్గలో ఎప్పుడూ ఒక ఇలాచి. మాటలు తక్కువ. ఆదివారం చర్చిలో కీబోర్డు వాయించేవాడు. పెళ్లిళ్లకు, బాప్తిస్మాలకు వీడియో తీసేవాడు. తీసినవాటిని ఇంట్లో కంప్యూటరు ముందు కూర్చుని కత్తిరించి అతికించేవాడు. ఎవరి పెళ్లి క్యాసెట్టైనా సాగర్ చేతిలో పడితే, ఏడ్చే తల్లి ముఖం సరిగ్గా ఎక్కడ రావాలో అక్కడే వచ్చేది. ఆ పెళ్లికూతురి అత్తవాళ్లు కూడా చూసి కళ్లు తుడుచుకునేవారు.

వచ్చిన కొత్తలో సాయంత్రాలు నర్సింగం అరుగు మీదికి వచ్చి కూర్చునేవాడు. నర్సింగం బొమ్మ చెప్పేవాడు. గ్యాంగు వినే తీరు వేరు, సాగర్ వినే తీరు వేరు. గ్యాంగు నవ్వుతుంది, ఈలలేస్తుంది, మధ్యలో లేచి ఒంటికి పోయొస్తుంది. సాగర్ కళ్లు మూసుకుని వినేవాడు. అయిపోయాక అడిగేవాడు:

"అన్నా, గా గేటు కాడ మల్లొక్కసారి చెప్పు."

"ఎందుకు తమ్మీ, ఇప్పుడే చెప్తిగా?"

"గాడ నువ్వు జెర్ర ఆగినవు. ఆగి చెప్పినవు. గా ఆగుడు మల్ల వినాలె."

తన మాటల్లో ఆగడం కూడా ఒకటుందని నర్సింగానికి అప్పుడే తెలిసింది. ఆ రోజు రాత్రి నిద్ర పట్టనంత సంతోషపడ్డాడు. ఇంతకాలం బొమ్మ చెప్పినా, ఆ ముక్క అన్నవాడు ఇంకొకడు లేడు.

ఆ కాశి బొమ్మ రెండు భాగాల సినిమా. మొదటి భాగంలో రాళ్ల క్వారీలో కాశి అన్నను చంపుతారు. నేరం కాశి మీద పడుతుంది. జైలు గేటు మూసుకోవడంతో అయిపోతుంది. రెండో భాగం ఏడాదికి వచ్చింది. అందులో కాశి జైలు నుంచి వస్తాడు. కానీ పట్నంలో పాటలు, పడవలో పాటలు, మధ్యలో అన్న సంగతే మరిచిపోతాడు. ఆఖర్న పగ తీర్చుకుని తల్లి ఒళ్లో చచ్చిపోతాడు. గోదావరిఖనిలో టాకీసు నుంచి బయటికొచ్చిన జనం దర్శకుణ్ని నోటికొచ్చినట్టు తిట్టారు. నర్సింగం తిట్టలేదు. వస్తూ వస్తూ సైకిలు మీదే రెండు భాగాలనూ విప్పి, తనకు నచ్చినట్టు మళ్లీ కట్టుకున్నాడు. గేటు తెరుచుకోవడంతో మొదలు. పాటలు లేవు. అన్న చావు ముందే చెప్పడు. ఆఖరి కొట్లాటలో కాశి కొట్టే ఒక్కో దెబ్బకు ఒక్కో ముక్కగా చెప్తాడు. గ్యాంగు నోళ్లు తెరుచుకుని వింది.

సాగర్ కూడా కళ్లు మూసుకుని విన్నాడు. కొన్నాళ్ల తర్వాత వచ్చి, రెండు భాగాల సీడీలూ తెచ్చానని, నర్సింగం చెప్పిన వరసలో కంప్యూటర్లో అతికిస్తున్నానని చెప్పాడు.

"నీ నోట్ల విన్నంకనే నాకు తట్టిందన్నా. మొదట్ల పేర్లు పడ్తయి గదా, గాడ నీ పేరేస్త. కథ వరస, నర్సింగం అని."

అప్పుడు అనసూర్య వాకిట్లో గిన్నెలు తోముతోంది. నర్సింగానికి లోపల ఎంతో ఇష్టంగా ఉంది. అయితే అడగ్గానే సరేనంటే చులకనైపోతానేమో అనిపించింది. ఇంకోసారి అడిగితే ఒప్పుకుందామనుకున్నాడు.

"నాకెందుకు తమ్మీ పేరు? బొగ్గు మోసేటోన్ని. ఏసుకుంటే నీదేసుకో."

సాగర్ ఇంకోసారి అడగలేదు. ఆ మాట నిజమే అనుకున్నాడు. మనసులో ఒకటి పెట్టుకుని పైకి ఇంకొకటి అనే మనుషుల సంగతి అతనికి తెలియదు. కాలనీ కేబుల్ నడిపే కొమురెల్లి దాన్ని టీవీలో వేసినప్పుడు తెర మీద పడ్డది ఒక్కటే పేరు: కూర్పు, సాగర్. ఆ పేరు పడ్డ క్షణాన నర్సింగం తన ఇంట్లో టీవీ ముందే ఉన్నాడు. లేచి వెళ్లి కుండలో నీళ్లు ముంచుకుని తాగాడు. దాహం లేదు.

*

ఆ తర్వాత ఆ మంట చల్లారలేదు. చాయ్ హోటల్లో కూర్చుంటే సాగర్ కటింగు. క్షవరానికి పోతే సాగర్ కటింగు. మంగలాయన నవ్వుతూ, "ఏం కటింగు జెయ్యాలె నర్సన్నా, మామూలుదా, సాగర్ కటింగా?" అన్నాడు. అందరూ నవ్వారు. నర్సింగం సగం గీసిన గడ్డంతో లేచిపోదామా అనుకున్నాడు.

మందమర్రి నుంచి, భూపాలపల్లి నుంచి సీడీ కావాలని మనుషులు వచ్చేవారు. నడిమి గోడకు అటు పక్క నవ్వులు, చాయ్ గ్లాసుల చప్పుడు. సాగర్ భార్య హన్నా వచ్చినవాళ్లందరికీ ఏదో ఒకటి పెట్టేది. నర్సింగం ఇటు పక్క మంచం మీద పడుకుని, ఎంతమంది వచ్చారో చెప్పుల చప్పుడును బట్టి లెక్క కట్టేవాడు.

"సాగర్ తమ్ముడు మనిషి మెత్తనోడు. గింత పేరచ్చినా తల ఎగరేస్తలేడు" అంది అనసూర్య ఒకరోజు.

"తల ఎగరేసేటందుకు తలకాయల ఏమన్న సొంతంది ఉండాలె గదా" అన్నాడు నర్సింగం.

"మరి నీ పేరేస్తనంటె వద్దంటివి. నా చెవులతోని విన్న."

"నిన్నడిగిన్నా?"

అనసూర్య నవ్వుకుంటూ లోపలికి పోయింది. ఆ నవ్వు కూడా అతనికి అటు పక్క నవ్వులాగే వినిపించింది.

సాగర్ మాత్రం ఎప్పట్లాగే వచ్చి అరుగు మీద కూర్చునేవాడు. కొత్త బొమ్మ చెప్పమని అడిగేవాడు. నర్సింగం తలనొప్పనో, షిఫ్టు ఉందనో చెప్పేవాడు. నిజానికి సాగర్ ఎదుట నోరు విప్పితే, తన నోట్లోది పోయి అతని సీడీలో పడుతుందని భయం.

సెప్టెంబరులో సకల జనుల సమ్మె మొదలైంది. గనులన్నీ ఆగిపోయాయి. తెలంగాణ వచ్చేదాకా తట్ట ముట్టేది లేదని అందరూ ఒకే మాట మీద నిలబడ్డారు. గనిలో నీళ్లు నిండకుండా తోడే పంపుల దగ్గరికి మాత్రం కొందరు దిగేవారు. రోజూ షిఫ్టు షిఫ్టుకూ కూసే కూత కూడా ఆగిపోయింది. మొదటి వారం ఆ నిశ్శబ్దానికి పడుకున్నవాళ్లు పడుకున్నట్టే ఉండిపోయారు, పొద్దెప్పుడెక్కిందో తెలియక. పగలు దీక్షా శిబిరంలో కూర్చోవడం, పాటలు, సాయంత్రం రోడ్డు మీదే వంటావార్పు. ఇంట్లో ఉన్నంతసేపూ, కరెంటు ఉన్నంతసేపూ టీవీ.

శిబిరంలో కూర్చున్న జనం సాగర్‌ను పట్టుకున్నారు.

"ఏ సాగరన్నా, గా కాశిగాడు సావద్దే. గింత కొట్లాడినోడు లాస్టుకు సస్తె ఎట్ల? వాన్ని బతికియ్యి."

"మనం గెలిసే యాల్లకు వాడు సచ్చుడేంది? మల్లొక కటింగు జెయ్యి!"

నర్సింగం పక్కనే ఉన్నాడు. అతను కూడా కాశిని బతికించగలడు. ఒక్క మాటతో బతికించగలడు. కానీ అతన్ని ఎవరూ అడగలేదు.

*

కొత్త కటింగు తయారయ్యాక సాగర్ మొదట నర్సింగం దగ్గరికే వచ్చాడు.

"అన్నా, ఒక్కసారి ఇంటికి రావాలె. ఇంకెవలికి సూపియ్యలే. నువ్వు సూసి సరే అంటెనే కొమురెల్లికిస్త."

వెళ్లకుండా ఉండలేకపోయాడు నర్సింగం. గదిలో కంప్యూటరు ముందు రెండు కుర్చీలు వేసి ఉన్నాయి. హన్నా చాయ్ తెచ్చి, "మీకోసమే ఆపిండన్నా, రెండు రోజుల సంది" అంది. సాగర్ బొమ్మ నడిపాడు. ఆఖరి ఘట్టం వచ్చింది. కాశి కత్తిపోటు తిని కూలిపోయాడు. అప్పుడు కూత మొదలైంది. గని కూత. మొదటి భాగంలోని క్వారీ కూలీలు పరిగెత్తుకుంటూ వస్తున్నారు. కూత ఆగింది, కాశి ముఖం. మళ్లీ కూత, పరుగెత్తే కాళ్లు. ఆగింది, కాశి కన్ను అదిరింది. మళ్లీ కూత. ఆగింది. వేలు కదిలింది. ఆ తర్వాత కాశి లేచి, తెల్లవారే వెలుగులో తల్లి వైపు నడిచి వెళ్లాడు. అది కూడా మొదటి భాగంలోదే. ఎక్కడి ముక్కో తెలియనంత బాగా అతికింది.

నర్సింగం ఒళ్లు జలదరించింది. ఎంత బాగుందో చూసి ఒకసారి, ఆ కూత విని ఇంకోసారి.

"కూత యాడిది?" అని అడిగాడు.

"మన బొగ్గు బాయిదే అన్నా. సమ్మెకు ముందు పొద్దటి షిఫ్టుకు కూసినప్పుడు పట్టి పెట్టుకున్న. మా బాపు యాదికచ్చి పట్టిన. ఒక్కటే కూతను ముక్కలు జేసి బొమ్మకు తగ్గట్టు ఏసిన."

షిఫ్టు కూత ఆగకుండా ఒకటే సాగుతుంది. ఆగి ఆగి కూస్తే అది షిఫ్టు కాదు. లోపల ఏదో జరిగింది, పైకప్పు కూలిందో, గ్యాసు పట్టిందో, మనుషులు ఇరుక్కున్నారో అని. ఈ గనుల వెంట పుట్టిన చంటిపిల్లకు కూడా అది తెలుసు. సాగర్‌కు తెలియదు. బెల్లంపల్లిలో వాళ్ల నాన్న కూయించిన ఆపద కూత వేరు. అది మధ్యలో తెగకుండా, వినేవాళ్లకు ఊపిరాడనంత పొడుగ్గా ఉండేది. సాగర్ వచ్చాక ఇక్కడ అలాంటి కూత కూయలేదు. కూయాల్సిన అవసరం రాలేదు. దేవుడి దయ.

"ఏమన్న తక్కువైందా అన్నా?"

సాగర్ ముఖం చూశాడు నర్సింగం. పరీక్ష రాసిన పిల్లాడిలా ఉన్నాడు. ఒక్క ముక్క చెబితే చాలు. 'తమ్మీ, కూత తీసెయ్యి.' సాగర్ తీసేసేవాడు, మారు మాట్లాడకుండా. ఇంకోటి పెట్టేవాడు. అది ఇంతకన్నా బాగుండేది కూడా. జనం మళ్లీ సాగర్ సాగర్ అనేవాళ్లు. ఎవరు చెబితే తీశాడో ఎవరికీ తెలిసేది కాదు.

"ఏం తక్కువ లేదు" అన్నాడు నర్సింగం. "గా కూతనే బొమ్మను లేపింది."

సాగర్ రెండు చేతులతో అతని చెయ్యి పట్టుకున్నాడు. "గీ మాట సాలన్నా" అన్నాడు.

చాయ్ చల్లారిపోయింది. నర్సింగం దాన్ని ఒక్క గుక్కలో తాగి లేచాడు. ఏమవుతుంది, నలుగురు ఉలిక్కిపడతారు, సాగర్‌ను నాలుగు మాటలంటారు, అంతే కదా అనుకున్నాడు. ఆ నాలుగు మాటలు వినాలని ఉంది అతనికి.

*

ఆదివారం పగలు, భోజనాల వేళ కొమురెల్లి దాన్ని వేశాడు. ముందే మైకులో చాటించాడు కాబట్టి కాలనీ మొత్తం అదే పెట్టుకుంది. టీవీ లేనివాళ్లు ఉన్నవాళ్ల గుమ్మాల దగ్గర చేరారు. నర్సింగం లోపల చూడలేదు. అరుగు మీద కూర్చున్నాడు.

ఆఖరి కొట్లాటకు అందరూ చప్పుడు పెంచారు. అప్పుడు ఒకేసారి వందల ఇళ్లలోంచి కూత లేచింది. కిటికీల్లోంచి, తలుపుల్లోంచి, వీధుల మలుపుల్లోంచి. లేచి, ఆగి, మళ్లీ లేచింది. టీవీ ముందున్నవాళ్లకు అది బొమ్మ. బావి దగ్గర నీళ్లు చేదేవాళ్లకు, కూరగాయలకు పోయి వస్తున్నవాళ్లకు, పక్క వీధిలో నిద్రపోతున్నవాళ్లకు అది బొమ్మ కాదు. నెల రోజులుగా మూగబోయిన గని ఒక్కసారిగా ఆపద కూత కూసింది. అంతే వాళ్లకు తెలిసింది.

ముందుగా నలుగురు ఆడవాళ్లు పరుగెత్తారు. వాళ్లను చూసి పదిమంది. వాళ్లను చూసి టీవీ ముందున్నవాళ్లు కూడా బొమ్మ వదిలేసి లేచారు. బయట కూడా కూస్తోందేమోనని. వీధంతా గని వైపు తిరిగింది. అనసూర్య చేతిలో గరిటెతో, కాళ్లకు చెప్పులు లేకుండా ఇంట్లోంచి దూకింది.

"ఏయ్, యాడికి పోతున్నవే?" అని అరిచాడు నర్సింగం. "నేనీడనే ఉన్న గదనే!"

"నువ్వున్నవ్. లోపల ఎవల బిడ్డలున్నరో!" అని వెనక్కి తిరగకుండానే అంది.

లోపల ఉన్నది సమ్మవ్వ కొడుకు ముత్యం. ఆ రోజు పంపుల డ్యూటీ అతనిది. సమ్మవ్వ మొగుడు పైకప్పు కూలి ఆ గనిలోనే పోయాడు. అప్పుడు కూడా ఇలాగే ఆగి ఆగి కూసింది. ముసలామె కొంగు జారిపోతున్నా పట్టించుకోకుండా, "నా కొడుకో, నా ముత్యమో" అని అరుస్తూ పరుగెత్తి, క్వార్టర్ల చివర మోరీలో పడిపోయింది. చెయ్యి విరిగింది. నుదురు పగిలింది. అరుగు మీది నుంచి నర్సింగం ఆ పడటం చూశాడు. లేవబోయాడు. అతనికంటే ముందు సాగర్ ఎక్కడినుంచో వచ్చి, మోరీలోకి దిగి ముసలామెను ఎత్తుకున్నాడు. ఏం జరిగిందో అప్పటికే ఎవరో అతనికి చెప్పినట్టున్నారు. ముఖంలో నెత్తురు చుక్క లేదు. ఆటోలో వేసుకుని దవాఖానకు తీసుకుపోయాడు.

సాయంత్రానికి సాగర్ ఇంటి ముందు జనం మూగారు. గని దాకా పరుగెత్తి, అక్కడ కావలివాడు నవ్వితే సిగ్గుతో తిరిగొచ్చినవాళ్లే ఎక్కువ. కొమురెల్లి అందరికంటే పెద్దగా అరుస్తున్నాడు.

"నేనేస్తనా మరి, గిట్లుంటదని తెలిస్తె? నా కేబులు బద్నాం జేస్తివి గద!"

"కూతతోని ఆటలాడ్తవా?" అంది ఒకామె. "గా కూత ఇంటె మాకెట్లయితదో ఎర్కనా నీకు?"

"ఎర్కలేదమ్మా" అన్నాడు సాగర్. రెండు చేతులూ జోడించాడు. "బెల్లంపల్లిల వేరేగుండె. నిజంగ ఎర్కలేదు. తప్పయింది."

బుచ్చన్న ముందుకొచ్చాడు. "గట్ల గాదు సాగరన్నా. టీవీలెయ్యకముందు ఈడోన్ని ఎవన్నన్న పిలిచి సూపియ్యాలె గదా? ఒక్కనికన్న సూపిచ్చినవా?"

నర్సింగం జనం వెనకాల, తన గుమ్మం దగ్గర నిలబడి ఉన్నాడు. సాగర్ తలెత్తాడు. సూటిగా అతని వైపే చూశాడు. చూపులో కోపం లేదు. ఇంకేదో లెక్క సరిచూసుకుంటున్నట్టుంది. 'కూత యాడిది' అని నర్సింగం అడిగాడు కదా. అడిగి, విని, 'ఏం తక్కువ లేదు' అన్నాడు కదా.

"లేదు" అన్నాడు సాగర్. "ఎవలికి సూపియ్యలే. నాదే తప్పు."

*

నర్సింగం వినాలనుకున్న నాలుగు మాటలు ఆ ఒక్క సాయంత్రంతోనే అయిపోయాయి. సాగర్ రోజూ దవాఖానకు పోయి సమ్మవ్వకు జావ తాగించాడు. ఇంటికొచ్చాక హన్నా ఆమెకు తల దువ్వి, స్నానం చేయించింది. ముసలామె కట్టు కట్టిన చేతిని గుండెకానించుకుని గుమ్మంలో కూర్చుని, వచ్చేపోయేవాళ్లందరితో, "నా కడుపున పుట్టినోడు గూడ గింత జెయ్యలే" అని చెప్పేది. సాగర్‌తోనైతే, "గా కాశిగాడు బతికిండట గద బిడ్డా, నాకు సూపియ్యవా?" అనేది. తప్పు ఒప్పుకున్న మగాడని, మొండికెయ్యలేదని కాలనీలో సాగర్ పేరు ఇంకో మెట్టు ఎక్కింది. కూత చప్పుడు తీసేసి, ఆ చోట కీబోర్డు వాయించి, కటింగు మళ్లీ చేయమన్నది కూడా జనమే. అతను చేయలేదు. కంప్యూటరు మీద గుడ్డ కప్పేశాడు.

అరుగు మీదికి రావడం మానేశాడు. ఎదురుపడితే పక్కకు తప్పుకుని దారిచ్చేవాడు. అంతకుముందు 'అన్నా' అని పిలిచే గొంతు ఇప్పుడు గోడకు అటు పక్క హన్నాతోనే మాట్లాడేది, అదీ మెల్లగా. నర్సింగం చెవి గోడకు ఆనించి కూడా విన్నాడు ఒకసారి. తన పేరు వస్తుందేమోనని. రాలేదు. తిట్టుకున్నా బాగుండేది.

సమ్మె ముగిసింది. గనులు తెరుచుకున్నాయి. మందు పేలింది, పొగ లేచింది, డబ్బాలు విప్పారు.

"చెప్పే నర్సన్నా. శాన రోజులైంది" అన్నాడు బుచ్చన్న.

నర్సింగం దుంగ మీద కూర్చున్నాడు. "ఏ బొమ్మ చెప్పాలె?"

"గా కాశిగాడు బతికేది చెప్పు. సాగర్ కటింగు. ఆ దినం ఉర్కుట్ల లాస్టు సూడలే మేము."

అతనికి ఎంత ఒళ్లు మండిందంటే, లైటు విసిరి కొట్టి పోదామనుకున్నాడు. కానీ పదిమంది ముఖాలు అతని వైపే ఉన్నాయి. నెలల తర్వాత ఉన్నాయి. చెప్పాడు. పక్కింట్లో కూర్చుని చూసింది ఎక్కడా తప్పకుండా, సాగర్ ఎక్కడ ఆపాడో అక్కడ ఆపి, ఎక్కడ లేపాడో అక్కడ లేపి చెప్పాడు. కూత దగ్గరికి వచ్చేసరికి నోరు ఆగిపోయింది. గని లోపల ఆ కూత నోటితోనైనా కూయకూడదు. దాన్ని దాటేసి కాశిని లేపాడు. గ్యాంగు చప్పట్లు కొట్టింది. బుక్కలు వచ్చాయి. ఎండుచేప, రొట్టె, తొక్కు. ఏదీ గొంతు దిగలేదు.

ఆ రోజు నుంచీ సాగర్‌తో మాట్లాడాలనుకున్నాడు. ఏం మాట్లాడాలో కూడా కట్టుకున్నాడు. సైకిలు మీద పోతూ కట్టాడు, వస్తూ విప్పి మళ్లీ కట్టాడు. 'తమ్మీ, నాకు తెల్సు. తెల్సి చెప్పలే. నీ మీద కుళ్లుతోని చెప్పలే.' ఎటు తిప్పి కట్టినా ఆ మూడు ముక్కలే మిగిలేవి. లాంపు రూము కిటికీ దగ్గర లైటు తీసుకునేటప్పుడు నాలుక దాకా వచ్చేవి. సాగర్ లైటు ఇచ్చి, తర్వాతివాడి వైపు చూసేవాడు. లోపల కొంచెం సంతోషం కూడా ఉండేది నర్సింగానికి, ఇవాళ్టికి తప్పిందని.

సంక్రాంతి పోయాక ఒక పొద్దున గోడకు అటు పక్క బీరువా జరిపిన చప్పుడైంది. అనసూర్య చెప్పింది, సాగర్ మందమర్రికి బదిలీ అడుక్కున్నాడట, వచ్చిందట. బయట వ్యాను నిలబడి ఉంది. నర్సింగం గబగబా చొక్కా వేసుకుని గుమ్మంలో నిలబడ్డాడు. ఇప్పుడు చెప్పేస్తాననుకున్నాడు. నిజంగానే అనుకున్నాడు.

మంచాలు, గిన్నెలు, గుడ్డ చుట్టిన కంప్యూటరు వ్యాను ఎక్కాయి. సాగర్ వీధి చివరి నుంచి ఇల్లిల్లూ వస్తున్నాడు. బుచ్చన్న భుజం తట్టాడు. కొమురెల్లిని కావలించుకున్నాడు. సమ్మవ్వ ముందు వంగి, ఆమె బాగైన చేతిని తన తల మీద పెట్టించుకున్నాడు. ముసలామె ఏడ్చింది. హన్నా అనసూర్యను పట్టుకుని, "అక్కా, ఒక్కసారి మందమర్రి రావాలె" అంటోంది. నర్సింగం చొక్కా పైగుండీ పెట్టుకున్నాడు. గొంతు సవరించుకున్నాడు.

సాగర్ అతని గుమ్మం దగ్గరికి వచ్చాడు. ఒక్క క్షణం ఆగాడు. నోట్లోని ఇలాచిని ఈ బుగ్గ నుంచి ఆ బుగ్గకు మార్చుకున్నాడు. తర్వాత తల వంచుకుని, పక్కనున్న తన ఇంటి తలుపుకు తాళం వేసి, తాళంచెవి అనసూర్య చేతిలో పెట్టి, వ్యాను ఎక్కాడు.

వ్యాను మలుపు తిరిగేదాకా జనం చేతులు ఊపారు. తిరిగాక అందరూ నర్సింగం అరుగు దగ్గరే గుంపుగా నిలబడి, సాగర్ తమతో ఏమన్నాడో చెప్పుకోవడం మొదలుపెట్టారు. పాత సీడీలన్నీ తనకే ఇచ్చిపోయాడని కొమురెల్లి, తన బిడ్డ పెళ్లికి వచ్చి వీడియో తీస్తానన్నాడని బుచ్చన్న, తనను అవ్వా అని పిలిచాడని సమ్మవ్వ. నర్సింగం ఒక్కొక్కరి మాటనూ వాళ్ల నోట్లోంచి లాక్కోవాలన్నంత ఆబగా విన్నాడు.

"నీకేం చెప్పిండే నర్సన్నా, పక్కింటోనివి?" అని అడిగాడు బుచ్చన్న.

"ఏం జెప్పలే" అన్నాడు నర్సింగం.

"నువ్వన్న ఏమన్నంటివా మరి?"

నర్సింగం అతని వైపు చూశాడు. షిఫ్టుకు టైమైందని చెప్పి, సైకిలు తీశాడు.